ప్రోగ్రామ్ ఉంది, లైబ్రరీ లేదంటోంది: ‘డీఎల్ఎల్ మిస్సింగ్’ వెనక ఏం జరుగుతోంది?

విండోస్ 10కి మైక్రోసాఫ్ట్ ఇచ్చే మామూలు సపోర్టు 2025 అక్టోబరు 14తో ముగిసింది. బెంగళూరు మారతహళ్ళిలోనో బీటీఎం లేఅవుట్‌లోనో పీజీల్లో ఉంటూ చదువుకుంటున్న, ఉద్యోగం వెతుక్కుంటున్న మన తెలుగు పిల్లల్లో చాలామంది దగ్గర ఉన్నవి ఎస్‌పీ రోడ్డులో కొన్న సెకండ్ హ్యాండ్ ల్యాప్‌టాప్‌లు. మెషీన్‌కు విండోస్ 11 పడితే ఫార్మాట్ కొట్టి అదే ఎక్కించుకుంటున్నారు. పడకపోతే ఉబుంటు, మింట్ లాంటి లినక్స్ వేసుకుంటున్నారు. ఏ దారిన వెళ్ళినా, నిన్నటిదాకా నడిచిన ప్రోగ్రామ్ ఒకటి ఇవాళ మొండికేస్తుంది. విండోస్ అయితే ‘వీసీరన్‌టైమ్140 డాట్ డీఎల్ఎల్ కనబడలేదు’ అంటుంది. లినక్స్ అయితే ‘షేర్డ్ లైబ్రరీని తెరవలేకపోయాను, అలాంటి ఫైల్ లేదు’ అంటుంది.

పక్క బెడ్ మీది స్నేహితుడు చెప్పే చిట్కా దాదాపు ఎప్పుడూ ఒకటే: “ఆ ఫైల్ పేరు గూగుల్‌లో కొట్టరా, దొరుకుతుంది. దించి సిస్టమ్32లో పడేయ్.” సిస్టమ్32 అంటే విండోస్ తన లైబ్రరీలు ఉంచుకునే ఫోల్డర్. ఒక్కోసారి ఆ చిట్కా పనిచేస్తుంది కూడా. అందుకే ఆ సలహా ఇన్నేళ్ళుగా చెలామణీలో ఉంది. కానీ ఆ సందేశం చెప్పేది ఒకటి, మనకు వినపడేది ఇంకొకటి. ‘ఒక ఫైల్ పోయింది’ అని మనకు వినపడుతుంది. ‘ఈ పేరుతో, ఈ వెర్షన్‌లో, ఈ రకం ప్రాసెసర్ కోసం తయారైన లైబ్రరీ, నేను వెతికే చోట్ల దొరకలేదు’ అని కంప్యూటర్ చెబుతోంది. పేరు, వెర్షన్, ప్రాసెసర్, చోటు. వీటిలో తప్పిందేదో తెలియకుండా ఫైల్ తెచ్చి పడేస్తే, అసలు తప్పు అలాగే ఉండి పైన ఇంకోటి చేరుతుంది.

పది ప్రోగ్రామ్‌లకు ఒకే కోడ్

ఏ ప్రోగ్రామూ అన్ని పనులూ సొంతంగా చేసుకోదు. ఫైల్ తెరవడం, తేదీ లెక్కకట్టడం, ఫోటోను చిన్నది చేయడం, బ్యాంకు సైట్‌తో ఇతరులకు అర్థం కాకుండా మాట్లాడటం, ఇలాంటివి వేల ప్రోగ్రామ్‌లకు కావాలి. ఎవరో శ్రద్ధగా రాసి, మెషీన్‌కు అర్థమయ్యే రూపంలోకి మార్చి, పదిమందీ వాడుకునేలా ఒక ఫైల్‌లో పెట్టిన పనుల కట్టే లైబ్రరీ.

దాన్ని ప్రోగ్రామ్‌తో కలపడానికి రెండు పద్ధతులున్నాయి. ప్రోగ్రామ్ తయారయ్యేటప్పుడే లైబ్రరీలోంచి కావలసిన ముక్కలను కాపీ చేసి అందులో కలిపేయడం ఒకటి. దీన్ని స్టాటిక్ లింకింగ్ అంటారు. రెండోది, ‘నాకు ఫలానా లైబ్రరీ కావాలి’ అని ప్రోగ్రామ్‌లో పేరు మాత్రం రాసిపెట్టి, నడిచే వేళకు దాన్ని వెతికి జతచేసుకోవడం. ఇది డైనమిక్ లింకింగ్. ఈ రెండో పద్ధతిలో చాలా ప్రోగ్రామ్‌లు కలిసి వాడుకునే ఫైలే షేర్డ్ లైబ్రరీ. విండోస్‌లో దాని పేరు చివర డీఎల్ఎల్ అనీ, లినక్స్‌లో ఎస్‌ఓ అనీ, మ్యాక్‌లో డైలిబ్ అనీ ఉంటుంది. పేర్లు వేరైనా లోపలి ఆలోచన ఒకటే.

పీజీలో గదికో స్టవ్, గదికో సిలిండర్ పెట్టుకోవచ్చు, లేదా అందరికీ కలిపి ఒకే వంటగది ఉండొచ్చు. ఉమ్మడి వంటగదికి ఖర్చు తక్కువ, పాడైతే ఒక్కచోట బాగుచేయిస్తే చాలు. దానికి తాళం పడితే మాత్రం ఆ పూట ఎవరికీ అన్నం ఉండదు.

పంచుకోవడం వల్ల మిగిలేది డిస్క్‌లో చోటు ఒక్కటే కాదు. లినక్స్‌లో నడిచే దాదాపు ప్రతి ప్రోగ్రామూ సీ లైబ్రరీ అనే ప్రాథమిక పనుల కట్టను వాడుకుంటుంది. వందల ప్రాసెస్‌లు (నడుస్తున్న ప్రోగ్రామ్‌లు) ఉన్నా ఆ లైబ్రరీ కోడ్ ర్యామ్‌లో ఒక్కసారే ఉంటుంది, అన్నీ దాన్నే చూస్తాయి. మారే డేటాకు మాత్రం ఎవరి కాపీ వాళ్ళకుంటుంది. ర్యామ్‌ను కిలోబైట్లలో కొలిచిన రోజుల్లో ఇది ప్రాణావసరం. 1960లలో మల్టిక్స్ అనే సిస్టమ్‌లోనే ఈ ఆలోచన ఉంది. 1985లో వచ్చిన మొదటి విండోస్ దీనిమీదే నిలబడింది.

డబుల్ క్లిక్‌కీ విండో తెరుచుకోవడానికీ మధ్య

మనం ప్రోగ్రామ్‌ను తెరవగానే ముందు పనిలోకి దిగేది ఆ ప్రోగ్రామ్ కాదు, లోడర్. ప్రోగ్రామ్ ఫైల్‌లో రాసిపెట్టిన లైబ్రరీ పేర్ల పట్టికను అది చదువుతుంది. ఒక్కోదాన్నీ వెతికి మెమరీలోకి తెస్తుంది. ఆ లైబ్రరీలకు మళ్ళీ వేరే లైబ్రరీలు కావాలి కాబట్టి వాటినీ తెస్తుంది. అన్నీ కుదిరాకే ప్రోగ్రామ్ మొదటి వరుస నడుస్తుంది. అందుకే లైబ్రరీ దొరకనప్పుడు వచ్చే సందేశం ప్రోగ్రామ్ రాసినవాళ్ళది కాదు, లోడర్‌ది. అది పొడిపొడిగా, సందర్భం లేకుండా ఉండటానికి కారణం ఇదే. మనం ఏ పనిమీద ఉన్నామో లోడర్‌కు తెలియదు.

లోడర్ డిస్క్ మొత్తం గాలించదు. దానికి ఒక వరుస ఉంది. విండోస్ మామూలుగా ముందు ఆ ప్రోగ్రామ్ ఉన్న ఫోల్డర్‌లో చూస్తుంది, తర్వాత సిస్టమ్32లో, తర్వాత విండోస్ ఫోల్డర్‌లో, ఆ తర్వాత ప్రస్తుతం మనమున్న ఫోల్డర్‌లో, చివరికి పాత్ అనే జాబితాలో ఉన్న చోట్ల. కొన్ని ముఖ్యమైన సిస్టమ్ డీఎల్ఎల్‌లకు ఈ వెతుకులాట వర్తించదు, వాటిని ఎప్పుడూ సిస్టమ్ ఫోల్డర్ నుంచే తీసుకుంటుంది. లినక్స్‌లో, ప్రోగ్రామ్‌లోనే రాసిన దారి ఏదైనా ఉంటే అదీ, ఎల్‌డీ లైబ్రరీ పాత్ అనే సెట్టింగూ, తర్వాత ముందే తయారుచేసుకున్న ఒక సూచికా, చివరికి లిబ్, యూఎస్ఆర్ లిబ్ అనే ఫోల్డర్లూ వరసగా వస్తాయి. ఆ సూచికను తయారుచేసే ఆదేశం ఎల్‌డీకాన్ఫిగ్. లైబ్రరీని చేత్తో తెచ్చి ఫోల్డర్‌లో పెట్టి, ఈ ఆదేశం నడపడం మరిచిపోతే, కళ్ళెదురుగా ఉన్న ఫైల్‌నే లినక్స్ ‘లేదు’ అనొచ్చు.

చాలామంది గమనించని సంగతి ఒకటుంది. లినక్స్ లోడర్ మొదటిది దొరకనప్పుడే ఆగిపోయి దాని పేరు ఒక్కటే చెబుతుంది. దాని వెనక ఇంకో మూడు లేకపోవచ్చు. ఒకటి తెచ్చాక రెండో పేరు వస్తే మనం చేసింది తప్పయిందని కాదు, లోడర్ ఒక మెట్టు ముందుకు జరిగింది.

కొత్తగా ఫార్మాట్ చేసిన విండోస్, వీసీరన్‌టైమ్140

మొదటి ఉదాహరణ అందరికీ తెలిసినదే. ఎస్‌పీ రోడ్డు ల్యాప్‌టాప్‌లో శుభ్రంగా ఎక్కించిన విండోస్. దాంట్లో ఒక గేమో, ఎడిటింగ్ సాఫ్ట్‌వేరో వేస్తే వీసీరన్‌టైమ్140 లేదంటుంది. ఇది విండోస్‌లో భాగం కాదు. మైక్రోసాఫ్ట్ వారి ప్రోగ్రామ్‌లు తయారుచేసే పనిముట్టు విజువల్ స్టూడియోలోని విజువల్ సీ ప్లస్ ప్లస్‌తో తయారైన ప్రోగ్రామ్‌లకు కావలసిన సామగ్రి. మంచి ఇన్‌స్టాలర్లు దాన్ని వెంట తెచ్చుకుని ఎక్కిస్తాయి. జిప్‌లో దించుకున్నవి, వేరే మెషీన్ నుంచి ఫోల్డర్‌గా కాపీ చేసుకున్నవి తేవు. పాత విండోస్‌లో ఇంకేదో సాఫ్ట్‌వేర్ దాన్ని ఎక్కించి ఉంటుంది కాబట్టి నిన్నటిదాకా అన్నీ నడిచాయి. ఫార్మాట్‌తో అది పోయింది, ఎవరూ గుర్తించలేదు.

ఆ 140లో సమాచారం ఉంది. విజువల్ స్టూడియో 2015 లోపలి వెర్షన్ 14.0. తర్వాత వచ్చిన 2017, 2019, 2022 కూడా 14తో మొదలయ్యే వరసలోనే కొనసాగాయి కాబట్టి వాటన్నిటికీ కలిపి ఒకే రీడిస్ట్రిబ్యూటబుల్ ప్యాకేజీ, అంటే ఆ సామగ్రినంతా ఎక్కించే ఇన్‌స్టాలర్, ఉంది. అది మైక్రోసాఫ్ట్ సొంత సైట్‌లో ఉచితంగా దొరుకుతుంది. 2019 కాలంలో 64 బిట్ (ఇప్పటి రకం ప్రాసెసర్‌కు తయారైన) ప్రోగ్రామ్‌ల కోసం వీసీరన్‌టైమ్140 అండర్‌స్కోర్ 1 అనే అదనపు ఫైల్ కూడా చేరింది. పాత ప్యాకేజీ ఉన్న మెషీన్‌లో మొదటి ఫైల్ ఉండి రెండోది లేకపోవడం అలా జరుగుతుంది. అప్పుడు కావలసింది ఆ ఒక్క ఫైల్ కాదు, అదే ప్యాకేజీ కొత్త విడుదల.

64 బిట్ విండోస్‌లో ఫోల్డర్ పేర్లు మనిషిని తప్పుదారి పట్టిస్తాయి. సిస్టమ్32 అనే పేరున్న దాంట్లో ఉండేవి 64 బిట్ లైబ్రరీలు. 32 బిట్ (పాత రకం) లైబ్రరీలు ఉండేది సిస్‌వౌ64లో. పాత ప్రోగ్రామ్‌లు ఆగిపోకూడదని మొదటి పేరును మార్చకుండా ఉంచేశారు. ఇది తెలియక ఎక్కడో దించిన 32 బిట్ డీఎల్ఎల్‌ను సిస్టమ్32లో పడేస్తే, ‘లేదు’ అన్న సందేశం పోయి 0ఎక్స్‌సీ000007బీ అనే కోడ్ వస్తుంది. చాలాసార్లు దాని అర్థం ఇదే: 64 బిట్ ప్రోగ్రామ్‌కు 32 బిట్ లైబ్రరీ దొరికింది, లేదా 32 బిట్ ప్రోగ్రామ్‌కు 64 బిట్ లైబ్రరీ దొరికింది. మెషీన్ 64 బిట్ అయినా, ప్రోగ్రామ్ 32 బిట్‌ది అయితే దానికి 32 బిట్ ప్యాకేజీయే కావాలి. అందుకే చాలా మెషీన్లలో రెండూ పక్కపక్కన ఉంటాయి. అది డూప్లికేషన్ కాదు.

ఇక డీఎల్ఎల్‌లను విడివిడిగా పంచే సైట్ల సంగతి. డీఎల్ఎల్ అంటే ఫోటోలా, పీడీఎఫ్‌లా చూసే ఫైల్ కాదు, నడిచే కోడ్. ప్రోగ్రామ్ దాన్ని లోడ్ చేసుకున్న క్షణంలోనే అందులోని ప్రారంభ భాగం నడుస్తుంది, ప్రోగ్రామ్‌కు ఉన్న అధికారాలన్నిటితో. అడ్మినిస్ట్రేటర్‌గా నడిపితే ఆ అధికారాలతో. సొంత ఫోల్డర్‌లో ముందు వెతుకుతుందన్న నియమాన్ని ఆసరా చేసుకుని, అసలు పేరుతోనే నకిలీ డీఎల్ఎల్‌ను పెట్టి దాడిచేయడం భద్రతా రంగంలో ఎప్పటినుంచో ఉన్న పద్ధతి. దానికి డీఎల్ఎల్ హైజాకింగ్ అనే పేరు కూడా ఉంది. ఎవరు కట్టారో, ఎప్పటి వెర్షనో తెలియని ఫైల్‌ను మనమే తెచ్చి సిస్టమ్ ఫోల్డర్‌లో పెట్టడమంటే ఆ దాడిలో కష్టమైన సగాన్ని మనమే చేసిపెట్టడం. నెట్ బ్యాంకింగ్ కూడా అదే ల్యాప్‌టాప్‌లో చేసుకునే పిల్లల విషయంలో ఇది నాకు నిజంగా భయం కలిగించే సంగతి.

ల్యాప్‌టాప్‌లో నడిచి, కంటైనర్‌లో ఆగిన ప్రాజెక్టు

రెండో ఉదాహరణ ఇంజినీరింగ్ విద్యార్థులది. పైథాన్‌లో ఓపెన్‌సీవీ అనే, ఫోటోలనూ వీడియోలనూ పరిశీలించే లైబ్రరీ వాడి ముఖాలు గుర్తుపట్టే ప్రాజెక్టు చేశారనుకుందాం. ల్యాప్‌టాప్‌లో చక్కగా నడిచింది. డాకర్ కంటైనర్‌లో, అంటే ప్రోగ్రామ్‌నూ దాని సామానునూ విడిగా కట్టిపెట్టే డబ్బాలో, పెట్టగానే ‘లిబ్‌జీఎల్ డాట్ ఎస్‌ఓ డాట్ 1 లేదు’ అని ఆగిపోయింది. పైథాన్ లైబ్రరీలను తెచ్చిపెట్టే పిప్‌తో ఓపెన్‌సీవీ సరిగానే ఎక్కింది కదా అని ఆశ్చర్యం.

పిప్ తెచ్చే ప్యాకేజీలో ఓపెన్‌సీవీకి కావలసిన లైబ్రరీలు చాలావరకు లోపలే ఉంటాయి. కానీ తెరమీద విండో చూపించడానికి పనికొచ్చే లిబ్‌జీఎల్ లాంటివి సిస్టమ్‌లో ఉంటాయని అది నమ్ముతుంది. డెస్క్‌టాప్ ఉన్న ల్యాప్‌టాప్‌లో ఆ నమ్మకం నిజం. తెరే లేని, సన్నగా చెక్కిన కంటైనర్‌లో నిజం కాదు. డెబియన్, ఉబుంటు అనే లినక్స్ రకాల్లో ఆ ఫైల్‌ను ఇచ్చే ప్యాకేజీ పేరు లిబ్‌జీఎల్1. ఫైల్ పేరూ ప్యాకేజీ పేరూ ఒకటి కానక్కర్లేదు కాబట్టే, ఫైల్ పేరు ఇస్తే ప్యాకేజీ పేరు చెప్పే పనిముట్లున్నాయి. ఉబుంటులో ఆప్ట్-ఫైల్, ఫెడోరా అనే మరో లినక్స్‌లో డీఎన్ఎఫ్ ప్రొవైడ్స్. ఆ ప్యాకేజీ ఎక్కించాక లిబ్‌జీథ్రెడ్ లేదని ఇంకో పేరు రావడం కూడా మామూలే. లోడర్ ఒక్కొక్కటిగానే చెబుతుందని పైన అనుకున్నది ఇక్కడ కనిపిస్తుంది.

ఇంకో దారీ ఉంది. ఓపెన్‌సీవీకే హెడ్‌లెస్ అనే విడుదల ఉంది, విండోలు చూపించే భాగం అందులో ఉండదు. సర్వర్‌లో ఎవరూ విండో చూడరు కాబట్టి ఆ లైబ్రరీ అవసరమే పోతుంది. లేని లైబ్రరీని తేవడం ఒక్కటే పరిష్కారం కాదు. అది మనకు అసలెందుకు కావలసివచ్చింది అన్న ప్రశ్న ముందు అడగాలి.

చివరి అంకె ఒక మాట ఇవ్వడం

లైబ్రరీ పేరు చివరి అంకెల గురించి ఆగి మాట్లాడుకోవాలి, ఎక్కువ గందరగోళం అక్కడే ఉంది. ఉబుంటు 20.04లో తయారైన ప్రోగ్రామ్‌ను 22.04లో నడిపితే ‘లిబ్‌ఎస్‌ఎస్‌ఎల్ డాట్ ఎస్‌ఓ డాట్ 1.1 లేదు’ అనడం చాలామందికి అనుభవం. వెతికితే లిబ్‌ఎస్‌ఎస్‌ఎల్ డాట్ ఎస్‌ఓ డాట్ 3 ఉంటుంది. పాతది అడిగితే కొత్తది ఉంది, కొత్తది ఇంకా మంచిది కదా, దాన్నే ఎందుకు తీసుకోదు?

ఆ అంకె కొత్తదనాన్ని చెప్పేది కాదు. ఈ అంకె మారనంతకాలం నా ఫంక్షన్ల పేర్లు, అవి తీసుకునే వివరాలు, వాటి అమరిక మారవు అని లైబ్రరీ రాసినవాళ్ళు ఇచ్చే మాట అది. దీన్ని సోనేమ్ అంటారు. లోపల తప్పులు దిద్దితే అంకె మారదు, పాత ప్రోగ్రామ్‌లు అలాగే నడుస్తాయి. అమరిక మారితే అంకె మారుస్తారు, పాతదాన్ని నమ్ముకున్న ప్రోగ్రామ్ కొత్తదాన్ని పొరపాటున ఎత్తుకోకుండా. లిబ్‌ఎస్‌ఎస్‌ఎల్‌ను ఇచ్చే భద్రతా ప్రాజెక్టు ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్. దాని 3.0 వెర్షన్ 2021 సెప్టెంబరులో అలా వచ్చింది. ఉబుంటు 22.04 దాన్నే తీసుకుంది.

ఇక్కడ తెలివైన కుర్రాళ్ళు ఒక ఎత్తు వేస్తారు. 3 అనే ఫైల్‌కు 1.1 అనే పేరుతో లింకు పెడతారు. లోడర్ పేరు దొరికిందని లోపలికి వెళుతుంది. వెళ్ళాక, ‘ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ 1_1_0 వెర్షన్ కనబడలేదు’ అని ఆగుతుంది. ఎందుకంటే ఫైల్ పేరు మీదే కాదు, లోపల ఒక్కో ఫంక్షన్ మీద కూడా వెర్షన్ ముద్ర ఉంటుంది. ఇలా ఆగిపోవడం మన అదృష్టం. ఆ ముద్రలు లేని లైబ్రరీ అయితే ప్రోగ్రామ్ మొదలై, మధ్యలో కూలిపోవడమో, తప్పు లెక్క చూపడమో జరుగుతుంది. ఆగిపోయిన ప్రోగ్రామ్ కంటే తప్పు చూపే ప్రోగ్రామ్ ప్రమాదం.

పాత 1.1 ప్యాకేజీని వెతికి తెచ్చి పక్కన పెడితే ప్రోగ్రామ్ నడుస్తుంది, నిజమే. కానీ ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ 1.1.1కి ఆ ప్రాజెక్టు ఇచ్చే మామూలు సపోర్టు 2023 సెప్టెంబరు 11న ముగిసింది. ఇంటర్నెట్‌తో మాట్లాడే ప్రోగ్రామ్‌కు ఎవరూ దిద్దని భద్రతా లైబ్రరీ తగిలించడం అవుతుంది. ఇంటర్నెట్‌కు తగలని పాత ల్యాబ్ పరికరానికైతే అది ఒప్పుకోదగ్గ రాజీయే. బయటి సర్వర్లతో మాట్లాడేదానికైతే, కొత్త లైబ్రరీతో మళ్ళీ తయారైన విడుదల కోసం చూడటమే సరైనది.

ఫైల్ ఉన్నా లేదనే రెండు సందర్భాలు

ఇందాకటి దానికి తిరగేసిన సమస్య ‘జీలిబ్‌సీ 2.34 కనబడలేదు’. జీలిబ్‌సీ అంటే చాలా లినక్స్‌లలో ఉండే సీ లైబ్రరీ. ఇక్కడ ఆ ఫైల్ ఉంది, పేరు సరిగ్గా ఉంది, అంకె కూడా సరే. లేనిది లోపలి ముద్ర. ఉబుంటు 22.04లో ఉన్నది 2.35, 20.04లో ఉన్నది 2.31. కొత్తదాంట్లో తయారుచేసి పాతదాంట్లో నడిపితే ఈ గొడవ. ప్రోగ్రామ్‌లో కొత్త సదుపాయమేదీ వాడలేదే అని అనిపిస్తుంది. కానీ సీ ప్రోగ్రామ్‌ను మొదలుపెట్టే ఫంక్షన్‌కే 2.34లో కొత్త ముద్ర పడింది. ‘హలో వరల్డ్’ అని రాసే రెండు వరసల ప్రోగ్రామ్ కూడా పాత సిస్టమ్‌లో ఆగిపోతుంది.

జీలిబ్‌సీ ఒకవైపే మాట ఇస్తుంది. పాతదాని మీద తయారైనది కొత్తదాంట్లో నడుస్తుంది, కొత్తదాని మీద తయారైనది పాతదాంట్లో నడవదు. అందుకే పదిమందికి పంచే ప్రోగ్రామ్‌ను, వాళ్ళ మెషీన్లలో అన్నిటికంటే పాతదాని మీద తయారుచేయడం అనుభవజ్ఞుల అలవాటు. బెంగళూరు ఆఫీసుల్లో కొత్త ల్యాప్‌టాప్ మీద బిల్డ్ చేసి, ఏళ్ళ కిందటి సర్వర్ మీద పెట్టే జట్లకు ఇది తరచూ తగిలే దెబ్బ. సర్వర్‌లో జీలిబ్‌సీని చేత్తో మార్చేద్దామన్న ఆలోచన మాత్రం చాలా ప్రమాదం. ఫైళ్ళ జాబితా చూపే చిన్న ఆదేశం దగ్గర్నుంచి లాగిన్ దాకా దాదాపు అన్నీ దానిమీదే నిలబడ్డాయి. మధ్యలో తప్పు జరిగితే దాన్ని దిద్దే పనిముట్లు కూడా నడవవు.

రెండో సందర్భం ఇంకా విచిత్రం. ప్రోగ్రామ్ ఫైల్ ఎదురుగా ఉంది. నడిపితే ‘అలాంటి ఫైల్ లేదు’ అంటుంది. ఏ లైబ్రరీ పేరూ చెప్పదు. ఇక్కడ లేనిది లోడరే. లినక్స్ ప్రోగ్రామ్‌లో తనకు ఏ లోడర్ కావాలో దాని పూర్తి దారి రాసి ఉంటుంది. అది దొరక్కపోతే లినక్స్ గుండెకాయ అయిన కెర్నల్ ఆ మాటే అంటుంది, దేని గురించి అంటోందో చెప్పదు. కంటైనర్లలో ఎక్కువగా వాడే ఆల్పైన్ లినక్స్‌లో జీలిబ్‌సీ బదులు మజిల్ అనే సీ లైబ్రరీ ఉంటుంది, దాని లోడర్ వేరు. ఉబుంటులో తయారైన ప్రోగ్రామ్‌ను అందులో పెడితే ఇదే సందేశం. 32 బిట్ లైబ్రరీలు లేని 64 బిట్ ఉబుంటులో పాత 32 బిట్ ప్రోగ్రామ్ నడిపినా ఇదే.

కళ్ళతో చూసి తేల్చుకోవడం

ఏది తప్పిందో ఊహించనక్కర్లేదు. లినక్స్‌లో ఎల్‌డీడీ అనే ఆదేశం ప్రోగ్రామ్‌కు కావలసిన లైబ్రరీలన్నిటినీ, ఒక్కోటి ఎక్కడ దొరికిందో, ఏది దొరకలేదో ఒకేసారి చూపిస్తుంది. నమ్మకం లేని ప్రోగ్రామ్ మీద దాన్ని వాడకూడదు, కొన్ని సందర్భాల్లో అది ఆ ప్రోగ్రామ్‌నే నడిపే వీలుంది. అలాంటప్పుడు నడపకుండా చదివి చెప్పే రీడ్‌ఎల్ఫ్ ఉంది. విండోస్‌లో డిపెండెన్సీస్ అనే ఉచిత పనిముట్టు అదే పని చేస్తుంది. మైక్రోసాఫ్ట్ వారి ప్రాసెస్ మానిటర్ అయితే లోడర్ ఏయే ఫోల్డర్లు తడిమిందో వరసగా చూపిస్తుంది. మ్యాక్‌లో ఓటూల్ ఉంది. మ్యాక్‌లో ఒక తేడా గుర్తుంచుకోవాలి. 2020లో వచ్చిన బిగ్ సర్ నుంచి సిస్టమ్ లైబ్రరీలు విడి ఫైళ్ళుగా డిస్క్ మీద ఉండవు, అన్నీ కలిపిన ఒక కాష్‌లో ఉంటాయి. ఫోల్డర్‌లో ఫైల్ లేదని చూసి లైబ్రరీ పోయిందనుకుంటే పొరపాటు.

ఉమ్మడిగానా, ఎవరిది వాళ్ళకా?

ఇన్ని తిప్పలు ఉంటే పంచుకోవడం ఎందుకు, ప్రతి ప్రోగ్రామూ తనకు కావలసినవి తానే మోసుకురావచ్చు కదా అన్నది న్యాయమైన ప్రశ్న. డిస్క్ చవక, ర్యామ్ గిగాబైట్లలో ఉంది. గో భాషలో రాసిన ప్రోగ్రామ్‌లు చాలావరకు ఒకే ఫైల్‌గా, అన్నీ లోపల కలుపుకుని వస్తాయి. రస్ట్ కూడా తన లైబ్రరీలను లోపలే కలుపుతుంది, సీ లైబ్రరీని మాత్రం మామూలుగా బయటే ఉంచుతుంది. డాకర్, స్నాప్, యాప్‌ఇమేజ్ అన్నీ ‘నా సామాను నేనే తెచ్చుకుంటా’ అన్న పక్షమే. ఒకే ఫైల్‌ను కాపీ చేస్తే నడిచే సుఖం అనుభవించినవాళ్ళు వెనక్కి రావడం కష్టం.

ఎదుటి పక్షానికి బలమైన సాక్ష్యం 2014 ఏప్రిల్ 7న బయటపడిన హార్ట్‌బ్లీడ్. ఓపెన్‌ఎస్‌ఎస్‌ఎల్ 1.0.1 వరసలో ఉన్న ఒక తప్పు వల్ల సర్వర్ మెమరీలోని రహస్యాలు బయటివాళ్ళు చదివే వీలు వచ్చింది. ఆ లైబ్రరీని పంచుకుంటున్న సర్వర్లలో ఒక్క ప్యాకేజీని 1.0.1జీకి లేదా తమ సిస్టమ్ దిద్దిన వెర్షన్‌కు మార్చి, సర్వీసులను రీస్టార్ట్ చేస్తే వాటన్నిటిలో ఆ రంధ్రం మూతపడింది. రీస్టార్ట్ ఎందుకంటే, నడుస్తున్న ప్రాసెస్ మెమరీలో పాత లైబ్రరీనే పట్టుకుని ఉంటుంది. లోపల కాపీ కలుపుకున్న ప్రోగ్రామ్‌లనైతే ఒక్కొక్కదాన్నీ మళ్ళీ తయారుచేయాలి. అంతకంటే ముందు, దేంట్లో ఆ కాపీ ఉందో కనిపెట్టాలి. 2021 డిసెంబరులో జావా లైబ్రరీ లాగ్‌ఫోర్‌జేలో లోపం బయటపడ్డప్పుడు ప్రపంచమంతా చేసిన పని చాలావరకు ఆ వెతుకులాటే.

దీనికి జవాబుగా మొదటి పక్షం 2024 మార్చి 29ని చూపిస్తుంది. ఎక్స్‌జెడ్ అనే ప్రాజెక్టు ఇచ్చే లిబ్‌ఎల్‌జెడ్‌ఎంఏ లైబ్రరీ 5.6.0, 5.6.1 వెర్షన్లలో ఎవరో కావాలని దొంగదారి పెట్టారని ఆండ్రెస్ ఫ్రాయిండ్ అనే ఇంజినీర్ ఆ రోజు బయటపెట్టాడు. దూరంగా ఉన్న కంప్యూటర్‌లోకి వెళ్ళే ఎస్‌ఎస్‌హెచ్ లాగిన్‌కు అర సెకను ఆలస్యం ఎందుకవుతోందని తవ్వితే తేలింది. ఎస్‌ఎస్‌హెచ్ సర్వర్‌కు అసలు ఆ లైబ్రరీతో పనే లేదు. కొన్ని లినక్స్ పంపిణీలు ఒక చిన్న సదుపాయం కోసం దానికి లిబ్‌సిస్టమ్‌డీ అనే ఇంకో లైబ్రరీని తగిలించాయి, అది తనతో లిబ్‌ఎల్‌జెడ్‌ఎంఏని తెచ్చింది. పంచుకునే గొలుసులో మన స్నేహితుడి స్నేహితుడు కూడా మన ఇంట్లోకి వచ్చేస్తాడని ఈ పక్షం అంటుంది. అందులో నిజముంది. అయితే స్టాటిక్‌గా కలిపినా ఆ కోడ్ లోపలికి వచ్చే వీలు ఉంది కాబట్టి, ఇది పంచుకోవడంలోని లోపం కంటే అక్కర్లేనివి తగిలించుకోవడంలోని లోపమని నాకనిపిస్తుంది.

మధ్యేమార్గాలూ ఉన్నాయి. ఒకే డీఎల్ఎల్‌ను ఒక ఇన్‌స్టాలర్ మార్చేసి ఇంకో ప్రోగ్రామ్‌ను పడగొట్టే రోజుల్ని డీఎల్ఎల్ హెల్ అనేవారు. దానికి విండోస్ ఎక్స్‌పీ నుంచి విన్‌ఎస్‌ఎక్స్‌ఎస్ ఫోల్డర్‌లో వేర్వేరు వెర్షన్లను పక్కపక్కన ఉంచే ఏర్పాటు వచ్చింది. లినక్స్ యాప్‌లను పంచే ఫ్లాట్‌పాక్ పద్ధతిలో చాలా యాప్‌లు ఒక ఉమ్మడి రన్‌టైమ్‌ను పంచుకుంటాయి, మిగతావి సొంతంగా తెచ్చుకుంటాయి. లైసెన్సు కోణం కూడా ఉంది. ఎల్‌జీపీఎల్ అనే ఓపెన్ సోర్స్ లైసెన్సు కింద ఉన్న లైబ్రరీని మూసిన కోడ్‌లో వాడే కంపెనీలు చాలావరకు దాన్ని షేర్డ్‌గానే ఉంచుతాయి, వాడేవాళ్ళు ఆ లైబ్రరీని మార్చుకునే వీలుండాలన్న షరతు అలా సులువుగా తీరుతుంది కాబట్టి.

పంచుకునే లైబ్రరీలను ఎన్నాళ్ళు మోయాలన్నది డబ్బుకూ మనుషుల సమయానికీ సంబంధించిన ప్రశ్న కూడా. 2019 జూన్‌లో ఉబుంటు తన 19.10 నుంచి 32 బిట్ లైబ్రరీలు తీసేస్తామంది. పాత ఆటలెన్నో వాటిమీద నడుస్తాయి. కంప్యూటర్ ఆటలమ్మే స్టీమ్ వైపు నుంచీ ఇతరుల నుంచీ అభ్యంతరాలు రావడంతో, రోజుల్లోనే ఆ నిర్ణయం మార్చుకుని ఎంపికచేసిన లైబ్రరీలను ఉంచింది.

ఫోన్లలో ఇప్పుడు నడుస్తున్న అధ్యాయం

ఆండ్రాయిడ్ యాప్‌లు తమ సొంత ఎస్‌ఓ ఫైళ్ళను లోపలే మోసుకొస్తాయి కాబట్టి లైబ్రరీ గొడవలు అక్కడ ఉండవని అనుకోవచ్చు. కానీ మెమరీని 4 కిలోబైట్ల ముక్కలుగా బదులు 16 కిలోబైట్ల ముక్కలుగా పంచే ఫోన్లు రావడంతో కొత్త షరతు చేరింది. 4 కిలోబైట్ల కొలతకు సర్ది తయారుచేసిన లైబ్రరీ, ఉన్నా, వెర్షన్ సరైనదైనా, ప్రాసెసర్ సరిపోయినా, అలాంటి ఫోన్‌లో లోడ్ కాకపోవచ్చు. ఆండ్రాయిడ్ 15, ఆపైవాటికి ఉద్దేశించిన కొత్త యాప్‌లూ అప్‌డేట్లూ 16 కిలోబైట్ల పేజీలకు తయారుగా ఉండాలని గూగుల్ ప్లే 2025 నవంబరు 1 నుంచి నియమం పెట్టింది. సొంత సీ ప్లస్ ప్లస్ కోడ్ ఉన్నవాళ్ళకు కొత్త పనిముట్లతో మళ్ళీ బిల్డ్ చేస్తే చాలావరకు సరిపోతుంది. చెల్లింపులకో, వీడియో కాల్స్‌కో వేరే కంపెనీ ఇచ్చిన ఎస్‌ఓ ఫైల్ లోపల ఉంటే, బెంగళూరులోని చిన్న యాప్ జట్టు ఆ కంపెనీ కొత్త విడుదల ఇచ్చేదాకా ఆగాలి, లేదా దానికి ప్రత్యామ్నాయం వెతుక్కోవాలి.